రాడెగుండ్: మా అమ్మాయికి పదిహేను వందల ఏళ్ల నాటి పేరు పెట్టిన వైనం

మా అమ్మాయి పూర్తి పేరు రాడెగుండ్ వెన్నెల. రెండో పేరు విని తెలుగువాళ్లు ముచ్చటపడతారు. మొదటి పేరు వినగానే తెలుగువాళ్లూ జర్మన్లూ ఒకేలా "మళ్లీ చెప్పండి" అంటారు. మేము ఉండేది జర్మనీలో, థురింగియా రాష్ట్ర రాజధాని ఎర్‌ఫుర్ట్‌లో. బిడ్డకు పాత పేరు పెట్టాలని మనసుపడి, ఇంట్లోవాళ్లు ఏమంటారోనని వెనకాడుతున్న స్నేహితులు కొందరు మా సంగతి రాయమన్నారు. అందుకే ఇది.

పేరు మా ఆయన వైపు నుంచి వచ్చింది. వాళ్ల పూర్వీకులది ఐక్స్‌ఫెల్డ్. చుట్టూ ప్రొటెస్టెంటు ఊళ్లున్నా కేథలిక్ మతాన్ని వదలని ప్రాంతం అది. అలాంటిచోట పునీతుల పేర్లు తరతరాలుగా నిలిచాయి. మా ఆయన ముత్తవ్వ పేరు రాడెగుండ్. ఆవిడ ప్రార్థన పుస్తకం ఒకటి మా మామగారి బీరువాలో ఉంది. నల్లటి తోలు అట్ట, మూలలు అరిగి గుండ్రమైపోయాయి. అట్ట లోపలి పేజీలో, ఇప్పటివాళ్లు చదవలేని పాత జర్మన్ చేతిరాతలో ఆవిడ పేరు ఉంది. మామగారు కళ్లజోడు సర్దుకుని ఒక్కొక్క అక్షరమే కూడబలుక్కుని చదివారు. నాకు అప్పుడు ఆరో నెల. ఆడపిల్ల పుడితే ఇదే పేరు పెడదామని ఆయన అనలేదు, నేనే అన్నాను. మా ఆయన ముందు నవ్వి, తర్వాత కంగారుపడ్డాడు.

ఫోనులో చెప్పగానే అమ్మ, "ఏమిటే ఆ పేరు? పిల్లకు గుండు అని పేరు పెడతారా ఎవరైనా?" అంది. గుండు కాదమ్మా, జర్మన్లు చివరి 'డ'ను 'ట'లా పలుకుతారు, రాడెగుంట్ అంటారు అని సర్దిచెప్పబోయాను. పక్కనే ఉన్న అమ్మమ్మది శ్రీకాకుళం. ఆవిడకు అది బ్రహ్మాండంగా నచ్చింది. "ఆడపిల్లను మావైపు గుంట అనే కదా అంటాం. బాగానే ఉంది, పెట్టుకోనీ" అంది. అమ్మకు మాత్రం అది సరిపోలేదు. "సరే, అర్థం ఏమిటి?" అని అడిగింది. తెలుగింట్లో ఈ ప్రశ్నకు జవాబు లేకుండా ఏ పేరూ గడప దాటదు.

జవాబు కోసం వెతికితే పిల్లల పేర్ల జాబితాలన్నీ ఒకే పాట పాడాయి: రాడ్ అంటే సలహా, గుండ్ అంటే యుద్ధం, కాబట్టి 'యుద్ధంలో సలహా ఇచ్చేది'. మొదటి రెండు ముక్కలూ నిజమే. రాడ్ అనే ముక్క నేటి జర్మన్‌లో 'రాట్' రూపంలో బతికే ఉంది. ఊరి పాలక మండలి కూర్చునే భవనాన్ని రాట్‌హౌస్ అంటారు. గుండ్ మాత్రం వాడుక భాషలోంచి ఎప్పుడో జారిపోయి పేర్లలోనే మిగిలింది. అయితే రెండింటినీ కలిపి అంత నున్నగా అర్థం చెప్పడం నాకు నమ్మబుద్ధి కాలేదు. మన రణధీరుడికి 'రణమందు ధీరుడు' అని విగ్రహవాక్యం చెప్పవచ్చు. పాత జర్మానిక్ పేర్లకు చాలాసార్లు విగ్రహవాక్యమే ఉండదు. వాళ్ల దగ్గర పేర్లకు పనికివచ్చే ముక్కలు కొన్ని ఉండేవి: యుద్ధం, ఈటె, తోడేలు, కీర్తి, వెలుగు, రక్షణ, శాంతి, సలహా. వాటిలోంచి ఒకటి ముందుకు, ఒకటి వెనక్కి తీసుకుని జోడించేవారు. వెనక ముక్కను బట్టి ఆడో మగో తెలిసేది. గుండ్, హిల్డ్, బుర్గ్, ట్రుడ్ ఆడపిల్లలకు. ఫ్రిడ్, బెర్ట్, వుల్ఫ్ మగపిల్లలకు. హిల్డెగుండ్ అనే పేరే ఉంది. హిల్డ్ అన్నా యుద్ధమే, గుండ్ అన్నా యుద్ధమే. దానికి ఆ జాబితాలు ఏ అర్థం అల్లుతాయో చూడాలి.

ఆ జోడింపు కూడా ఊరికే చేసేవారు కాదు, చుట్టరికం తెలిసేలా చేసేవారు. దీనికి అన్నిటికంటే చక్కని ఉదాహరణ, ఈ పేరుకు మూలమైన ఆరో శతాబ్దపు రాణి, పునీత రాడెగుండ్ సొంత ఇంట్లోనే దొరికింది. ఆమె పెదనాన్నో చిన్నాన్నో గానీ, తండ్రి తోబుట్టువు పేరు హెర్మనఫ్రిడ్. అతని భార్య అమలబెర్గ. ఆమె ఇటలీని ఏలిన గోత్ రాజు థియోడరిక్ మేనకోడలు. వీళ్ల కొడుకు పేరు అమలఫ్రిడ్. తల్లి పేరులోంచి ముందు సగం, తండ్రి పేరులోంచి వెనక సగం. సూర్యనారాయణకూ కాంతమ్మకూ పుట్టిన పిల్లకు సూర్యకాంతం అని పెట్టినట్టు. అమ్మకు ఇలాగే చెప్పాను. "ఇప్పుడెవరు పెడుతున్నారే సూర్యకాంతం అని?" అంది వెంటనే. నిజమే, ఆ మహానటి గయ్యాళి అత్త వేషాల ధాటికి తెలుగువాళ్లు ఆడపిల్లలకు ఆ పేరు పెట్టడమే మానేశారని అంటారు. పేరు తప్పేమీ లేదు పాపం.

జర్మనీలోనూ పాత పేర్లకు ఇలాంటి జాతకాలే ఉన్నాయి. మా అత్తగారు మొదటినుంచీ ఫ్రీడా అనో మాటిల్డా అనో పెట్టమన్నారు. అవీ పాతవే, కానీ మళ్లీ ఫ్యాషన్‌లోకి వచ్చాయి. ఇర్మ్‌గార్డ్, వాల్‌ట్రౌడ్, కునిగుండె, రాడెగుండ్ మాత్రం ముసలమ్మల పేర్లుగానే ఉండిపోయాయి. ఇందులో న్యాయం ఏమీ లేదు. ఏటా కొత్త తల్లిదండ్రులు ఎగబడి పెట్టుకునే ఎమ్మా, ఒకప్పుడు ఇర్మ్, ఎర్మ్‌తో మొదలయ్యే పొడుగు పేర్లకు ముద్దుపేరు. ముద్దుపేరు ముద్దొస్తుంది, అసలు పేరు పనికిరాదు. "బడిలో పిల్లలు ఏడిపిస్తారు" అని అత్తగారు పదేపదే అనేవారు. నేను పుట్టి పెరిగిన ఊళ్లో నాకు జరిగినవి తలచుకుంటే, ఏడిపించదలచిన పిల్లలకు ఏ పేరైనా చాలునని నాకు తెలుసు.

నన్ను ఆ పేరుకు కట్టిపడేసింది అర్థం కాదు, ఆ మనిషి. రాడెగుండ్ 520 ప్రాంతంలో థురింగియా రాజకుమార్తెగా పుట్టింది. తండ్రి బెర్తహార్‌ను సొంత అన్నదమ్ముడు హెర్మనఫ్రిడే చంపించాడు. ఆ హంతకుడి ఇంట్లోనే పెరిగింది. 531లో ఫ్రాంకులనే జర్మానిక్ తెగవాళ్లు దండెత్తి థురింగియా రాజ్యాన్ని నేలమట్టం చేశారు. గెలిచిన రాజుల్లో ఒకడైన క్లోతార్ వాటాకు వచ్చిన బందీల్లో ఈ పిల్ల, ఆమె తమ్ముడు ఉన్నారు. ఉత్తర ఫ్రాన్సులోని ఆతీ అనే చోట ఉంచి చదువు చెప్పించాడు. ఎదిగాక 540 ప్రాంతంలో పెళ్లి చేసుకున్నాడు. అతనికి భార్యలు చాలామంది. పదేళ్ల తర్వాత ఆ తమ్ముణ్ని కూడా చంపించాడు. అప్పుడు ఆమె లేచి వెళ్లిపోయింది.

నువాయోఁ ఊరి బిషప్ మెదార్ దగ్గరకు వెళ్లి తనను సన్యాసం తీసుకోనివ్వమని అడిగింది. రాజు భార్యకు ముసుగు వేస్తే ఊరుకోమని ప్రభువులు బెదిరించడంతో బిషప్ నీళ్లు నమిలాడు. ఆమె లోపలికి వెళ్లి తనంతట తానే సన్యాసిని వస్త్రం కట్టుకుని వచ్చి, నువ్వు దేవుడికి భయపడతావా, మనుషులకా అన్న ధోరణిలో నిలదీసింది. బిషప్ దీవించక తప్పలేదు. ఈ ఘట్టం చదివినప్పుడే నా మనసులో పేరు ఖాయమైపోయింది.

తర్వాత ఫ్రాన్సులోని పువాతియేలో మఠం కట్టించింది. దానికి అధిపతిగా తాను కూర్చోలేదు, ఆగ్నెస్ అనే యువతిని కూర్చోబెట్టింది. అక్కడ పాటించిన నియమావళి ప్రకారం ప్రతి సన్యాసినికీ చదవడం రావాలి, రోజూ కొంతసేపు చదవాలి. 569లో కాన్‌స్టాంటినోపుల్ చక్రవర్తి రెండో జస్టిన్ నుంచి ఏసు శిలువ ముక్కగా భావించే కొయ్యను తెప్పించింది. ఆ సందర్భానికి కవి వెనాంతియస్ ఫోర్చునాటస్ రాసిన లాటిన్ కీర్తనలు కేథలిక్కులు నేటికీ పాడుకుంటున్నారు. అదే కవి ఆమె పంపిన గుడ్లకూ ప్లమ్ పండ్లకూ పాలకూ కృతజ్ఞతగా చిన్న చిన్న పద్యాలు రాసి పంపేవాడు. నాకు కీర్తనల కన్నా ఈ గుడ్ల పద్యాలే ఎక్కువ ఇష్టం. ఆమె 587 ఆగస్టు 13న చనిపోయింది. ఫోర్చునాటస్ ఒక జీవిత చరిత్ర రాశాడు, అదే మఠంలో పెరిగిన బౌడోనివియా అనే సన్యాసిని ఇంకొకటి రాసింది. ఆ కాలంలో ఒక స్త్రీ గురించి మరో స్త్రీ రాసిన పుస్తకం మనదాకా రావడం ఎంత అరుదో వేరే చెప్పాలా?

ఆమె పేరు చాలా దూరం వెళ్లింది. ఫ్రాన్సులో సెంట్ రాడెగోండ్ పేరుతో ఊళ్లు ఎన్నో ఉన్నాయి. కేంబ్రిడ్జిలోని జీసస్ కళాశాలను 1496లో స్థాపించింది ఆమె పేరున్న పాత కన్యాస్త్రీల మఠం స్థలంలోనే. మామగారు ఆస్ట్రియాలోని సాంక్ట్ రాడెగుండ్ గ్రామం గురించి చెప్పారు. హిట్లర్ సైన్యంలో పోరాడనని మొండికేసి 1943 ఆగస్టులో శిరచ్ఛేదానికి గురైన రైతు ఫ్రాన్స్ యేగర్‌స్టాటర్‌ది ఆ ఊరే. 2007లో చర్చి ఆయనకు ధన్యుడి హోదా ఇచ్చింది. పేరులో యుద్ధం ఉందని బెంగపడుతున్న అమ్మకు ఈ సంగతి కూడా చెప్పాను. కాస్త మెత్తబడింది.

ఎర్‌ఫుర్ట్‌కు దగ్గర్లోనే మ్యూల్‌బెర్గ్ అనే ఊరి పైన ఒక కోట ఉంది. అక్కడ రాడెగుండ్ పేరిట కట్టిన ప్రార్థనా మందిరం పునాది రాళ్లు మిగిలాయి. ఎనిమిదో నెలలో ఆయాసపడుతూ ఆ గుట్ట ఎక్కాను. చూడటానికి పెద్దగా ఏమీ లేదు, గడ్డిలో గోడ ఆనవాళ్లు. అత్తగారు కూడా వచ్చారు. ఆ రోజు తర్వాత మాటిల్డా ప్రస్తావన తేలేదు.

ఇక కాగితాల సంగతి. జర్మనీలో జనన మరణాలు, పెళ్లిళ్లు నమోదు చేసే కార్యాలయాన్ని స్టాండెసామ్ట్ అంటారు. బిడ్డ పుట్టిన వారంలోగా అక్కడికి కబురు చేరాలి. ఆసుపత్రిలో పుడితే ఆసుపత్రివాళ్లే పంపుతారు. పేరు తేల్చుకోలేకపోతే మరికొంత గడువు ఉంటుంది, నెల వరకు. తల్లిదండ్రుల జనన ధ్రువపత్రాలు, పెళ్లి పత్రం కావాలి. మన పత్రాలైతే ప్రమాణం చేసిన అనువాదకుడి జర్మన్ అనువాదం జత చేయాలి. నావి పెళ్లప్పుడే సిద్ధమై ఉండటం వల్ల బతికిపోయాను. మీవి లేకపోతే కాన్పుకు చాలా ముందే మొదలుపెట్టండి.

పేరు విషయంలో ఇక్కడ తల్లిదండ్రులకు స్వేచ్ఛ బాగానే ఉంది, అయితే బిడ్డకు హాని చేసే పేరునూ, అసలు పేరులాగే లేని మాటనూ అధికారులు కాదనవచ్చు. రాడెగుండ్ మీద యుద్ధం జరుగుతుందని నేను నడుం కట్టుకుని వెళ్లాను. బల్ల అవతలి ఉద్యోగి ఆ పేరు చూసి, "అబ్బ, ఎన్నాళ్లకు!" అని సంతోషించింది. అడ్డం పడింది వెన్నెలకు. తన దగ్గరున్న లావుపాటి పేర్ల పుస్తకంలో వేలు పెట్టి వెతికింది, లేదు. ఇది వ్యక్తి పేరా, ఇంటి పేరా, ఆడపిల్లలకే పెడతారా అని అడిగింది. మా ఆయన అప్పటికే చదువుకుని వచ్చాడు. పేరును బట్టి ఆడో మగో తెలిసి తీరాలన్న పట్టింపు చెల్లదని జర్మనీ రాజ్యాంగ న్యాయస్థానం 2008 డిసెంబరులో తీర్పు ఇచ్చింది. ఆ కేసు భారతీయ మూలాలున్న కుటుంబానిదే. పాపకు కిరణ్ అని పెట్టనివ్వకపోతే అక్కడిదాకా వెళ్లారు. ఉద్యోగి ఆ తీర్పు తనకూ తెలుసని, ఆడో మగో సంగతి వదిలేసినా, అది పేరేనని ఏదో ఒక రుజువు కావాలని మర్యాదగా చెప్పింది.

రుజువు ఇచ్చేవాళ్లు ఉన్నారు. వీస్‌బాడెన్‌లోని జర్మన్ భాషా సంఘం, లైప్‌జిగ్ విశ్వవిద్యాలయం పేర్ల సలహా కేంద్రం రుసుము తీసుకుని ధ్రువపత్రం రాసిస్తాయి. మేము దరఖాస్తుతో పాటు, వెన్నెల అనే పేరున్న నా స్నేహితురాలి అనుమతితో ఆమె పాస్‌పోర్టు నకలు కూడా పంపాం. ఉత్తరం గడువులోపే వచ్చింది, ముద్ర పడింది. పదిహేను వందల ఏళ్ల కిందటి పేరుకు ఎవరూ ఏమీ అడగలేదు, మన వెన్నెలకు మాత్రం సాక్ష్యం కావలసి వచ్చింది.

బారసాల ఎర్‌ఫుర్ట్‌లోనే చేశాం. అమ్మానాన్న వీసా మీద వచ్చారు. జన్మనక్షత్రాన్ని బట్టి అక్షరం చూడమని అమ్మ ఊళ్లో సిద్ధాంతిగారిని ముందే అడిగింది. పాపది హస్త మూడో పాదం. దానికి వచ్చే అక్షరం 'ణా'. 'ణా'తో మొదలయ్యే పేరు ఏ భాషలో ఉంటుందో ఆయనకే తెలియాలి. ఆయన కూడా నవ్వి, మీకు నచ్చింది పెట్టుకోండమ్మా అన్నారట. నాన్న పళ్లెంలో బియ్యం పోసి, ఉంగరంతో ముందు వెన్నెల అని, తర్వాత కాస్త తడబడి రాడెగుండ్ అని రాశారు. 'గుం' దగ్గర సున్న మరీ పెద్దదైపోతే చేత్తో చెరిపి మళ్లీ రాశారు. అత్తగారు ఆ పళ్లేన్ని ఫొటో తీసుకుని, ఏది ఏ పేరో అడిగి కింద రాసుకున్నారు.

ఇప్పుడు ఇంట్లో మా అత్తగారు గుండెల్ అంటారు. గుండ్ ఉన్న పేర్లకు జర్మన్లు పెట్టే ముద్దుపేరు అది. అమ్మమ్మ ఫోనులో గుంటా అని పిలుస్తుంది. పాప రెండింటికీ పలుకుతుంది. అమ్మ మాత్రం ఊళ్లో ఎవరు అర్థం అడిగినా కథంతా చెబుతోంది: జర్మనీ రాజకుమార్తె, చదువుకున్న రాణి, కవులను పోషించింది, పెద్ద ఆశ్రమం కట్టించింది. మొగుణ్ని వదిలేసి వెళ్లిన సంగతి చెప్పవేమమ్మా అని అడిగితే, "పెళ్లిళ్లలో అడుగుతారే ఎక్కువగా. అక్కడ ఆ మాట ఎందుకు?" అంది.