విచారణ తేదీ: ఎన్.ఏ.

పలాస దగ్గర మాది చిన్న జీడిపప్పు బట్టీ. 2024 దసరా ముందు, శనివారం కూలి డబ్బులకని బ్యాంకుకు వెళ్తే ఖాతాలోంచి రూపాయి కదల్లేదు. జీఎస్టీ శాఖ నుంచి డీఆర్‌సీ-13 వచ్చిందని మేనేజరు గారు కాగితం చూపించారు. మన డబ్బు ఎవరి దగ్గరుంటే వాళ్ల దగ్గర్నుంచే బకాయి వసూలు చేసుకునే ఫారం అది. జీడిపిక్కలు కొట్టే ఆడవాళ్లకు సంగతి చెబితే, "ఏటి బాబూ, పండక్కి చేతిలో రూపాయి నేదా?" అంది ఒకావిడ. బావమరిది దగ్గర చేబదులు తెచ్చి ఆ వారం గట్టెక్కించాను.

ఆడిటర్ గారు వెతికితే నోటీసు, ఆర్డరు రెండూ పోర్టల్‌లో 'అదనపు నోటీసులు' అనే ట్యాబ్‌లో ఉన్నాయి. నెలనెలా రిటర్నులు వేసేవాళ్లకు అటు వెళ్లే పనే పడదు. 2018-19లో ఒక విశాఖ వ్యాపారి దగ్గర కొన్న పిక్కల మీద మేం తీసుకున్న ఇన్‌పుట్ క్రెడిట్, అంటే కొన్నప్పుడు కట్టిన పన్నుకు మా పన్నులో తగ్గింపు, మా 2ఏలో (అమ్మినవాళ్లు చూపించిన బిల్లులతో పోర్టల్ తయారుచేసే మా కొనుగోళ్ల పట్టికలో) కనిపించలేదట. మూడు లక్షల పైచిలుకు పన్ను, పైన వడ్డీ, పెనాల్టీ వేసి ఏప్రిల్‌లోనే ఆర్డరిచ్చేశారు. ఆ సంవత్సరానికి జీఎస్టీ చట్టం సెక్షన్ 73 (మోసం ఆరోపణ లేని బకాయిలు) కింద ఆర్డర్లకు ఆఖరి గడువు 2024 ఏప్రిల్ 30. ఆ తొందర కాగితంలో కనిపిస్తూనే ఉంది.

నిజానికి ఆ వ్యాపారి పన్ను కట్టాడు. అమ్మకాన్ని మా నంబరు వేయకుండా బీ2సీ కింద, అంటే జీఎస్టీ నంబరు లేని మామూలు కొనుగోలుదారుకు అమ్మినట్టు చూపించాడు, అంతే. దీనికి 2022 డిసెంబరు 27 నాటి జీఎస్టీ 183వ నంబరు సర్క్యులర్‌లో దారుంది. ఒక్కో సరఫరాదారుతో తేడా ఐదు లక్షల లోపుంటే అతని సర్టిఫికెట్ చాలు, దాటితే సీఏ సర్టిఫికెట్ కావాలి. కాగితం తేగలం, చూపించడానికే చోటు లేదు. అప్పీలుకు మూడు నెలలు, కారణం చూపిస్తే ఇంకో నెల, అంతే. అదీ దాటిపోయింది. ఆ గడువులో వేసి వివాదంలో ఉన్న పన్నులో 10 శాతం కట్టుంటే మిగతా వసూలు దానంతటదే ఆగేది.

"సెక్షన్ 128ఏ కింద పన్ను కట్టేయండి, వడ్డీ, పెనాల్టీ మాఫీ. 2025 మార్చి 31 దాకా టైముంది, టెన్షన్ వదిలిపోతుంది" అన్నారు ఆడిటర్ గారు. సలహా మంచిదే. కానీ ప్రభుత్వానికి ఒకసారి చేరిన పన్ను మళ్లీ నేనెందుకు కట్టాలి?

అమరావతిలో లాయరు గారు ముందే నా ఆశ మీద నీళ్లు చల్లారు. పోర్టల్‌లో పెడితే మాకెలా తెలుస్తుంది అనే వాదన నిలవకపోవచ్చు, సెక్షన్ 169 ఆ పద్ధతినీ ఒప్పుకుంటుందన్నారు. అప్పీలు గడువు పోగొట్టుకుని, నేరుగా హైకోర్టులో వేసే పిటిషనైన రిట్‌కు రావడం కుదరదని 2020లో గ్లాక్సో కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ కేసూ మన కాకినాడ ఆఫీసుదేనట. తర్వాత నోటీసులో ఒక చిన్న పట్టిక దగ్గర వేలు పెట్టారు. వ్యక్తిగత విచారణ తేదీ: ఎన్.ఏ. సమయం: ఎన్.ఏ. స్థలం: ఎన్.ఏ. అంటే 'వర్తించదు' అని, అసలు విచారణే పెట్టలేదన్నమాట. వ్యతిరేకంగా ఆర్డరు ఇవ్వబోతుంటే మనం అడక్కపోయినా విచారణకు పిలవాల్సిందేనని సెక్షన్ 75లో ఉంది. సహజ న్యాయం, అంటే ఎదుటివాడి మాట వినాలన్న సూత్రం, తప్పినచోట హైకోర్టు రిట్ వినొచ్చని 1998 నాటి సుప్రీంకోర్టు వర్ల్‌పూల్ తీర్పు చెబుతోంది. మా కేసంతా ఆ మూడు ఎన్.ఏ.ల మీదే నడిచింది.

కోర్టులో పట్టుమని పది నిమిషాలు కూడా పట్టలేదు. ఆర్డరు కొట్టేసి, మళ్లీ విని తేల్చమని వెనక్కి పంపారు. ఊరికే కాదు, పన్నులో 20 శాతం ముందు కట్టాలి, కట్టాకే బ్యాంకు అటాచ్‌మెంట్ తీస్తారు. "పిలవకుండా ఆర్డరిచ్చింది వాళ్లు, డబ్బు కట్టేది మనమేటిరా?" అని నాన్న విసుక్కున్నారు. నాకైతే సబబే అనిపించింది. పన్ను బాకీ ఉందో లేదో కోర్టు తేల్చలేదు కదా, మమ్మల్ని వినమని మాత్రమే చెప్పింది. వసూలు ఆపమని అడిగినవాడు కొంత ముందు పెట్టడం అన్యాయమేమీ కాదు.

రెండోసారి వచ్చిన నోటీసులో తేదీ, టైము, గది నంబరు అన్నీ ఉన్నాయి. కోర్టు కన్నా ఆ వ్యాపారి దగ్గర సర్టిఫికెట్ తేవడమే ఎక్కువ ప్రాణం తీసింది. వ్యాపారం మానేశాక పాత లెక్కలు ఎవరు తీస్తారు చెప్పండి? బిల్లులు, బ్యాంకు స్టేట్‌మెంటు, లారీ రసీదులు జతచేసి పట్టుకెళ్లాను. కొత్తగా వచ్చిన అధికారి మధ్యాహ్నమంతా కూర్చుని బిల్లు బిల్లుకూ టిక్కు పెట్టుకుంటూ చూశారు. రెండు బిల్లుల్లో తేదీలు తేడాగా ఉంటే నిలదీశారు కూడా. చివరికి డిమాండ్ ఎత్తేశారు. కట్టిన 20 శాతం వాపసుకు దరఖాస్తు పెట్టాను, ఇంకా రాలేదు.