కంట్లో జిల్లేడు పాలు

వినాయక చవితినాడు కావలిలో మా పెరట్లో పత్రి కోస్తున్నా. తెల్ల జిల్లేడు కొమ్మ విరిగి పాలు కుడికంట్లోకి చిమ్మాయి. వెంటనే కుళాయి కింద తలపెట్టి చాలాసేపు కడిగాను. కాస్త చిమచిమలాడి తగ్గిపోయింది. పూజ చేసుకున్నాం, కుడుములు తిన్నాం.

సాయంత్రం దీపం వెలిగిస్తే వత్తి చుట్టూ రంగురంగుల వలయం కనబడింది. ఎడమకన్ను మూసి చూస్తే ఎదురుగా ఉన్న అత్తమ్మ ముఖంలో కళ్ళేవో ముక్కేదో తెలియలేదు. అంత మసకలోనూ నొప్పి మాత్రం లేదు. నాకు వణుకు పుట్టించింది అదే.

"ఏందమ్మాయ్, కన్ను అట్టా ఎర్రబడింది? ఆముదం చుక్క వేద్దామా?" అంది అత్తమ్మ. వద్దన్నాను. తెల్లారగానే మా ఆయన నెల్లూరు తీసుకెళ్ళాడు.

డాక్టరమ్మ స్లిట్ ల్యాంప్‌కి, అంటే కంటిని పెద్దదిగా చూపే దీపపు యంత్రానికి, గడ్డం ఆనించమని చూసింది. కార్నియా, అంటే నల్లగుడ్డు మీది అద్దంలాంటి పొర, నీరు పట్టి ఉబ్బిందంది. దాని వెనక ఒకే వరసలో ఉండే కణాలు లోపలికొచ్చే నీటిని ఎప్పటికప్పుడు తోడేస్తుంటాయట. జిల్లేడు పాలు పైపొర దాటి వాటినే దెబ్బతీస్తాయి, పైగా కంటిని తిమ్మిరెక్కిస్తాయి. నొప్పి లేదుకదా అని ఇంట్లోనే ఉండిపోతే ఏమయ్యేదో!

స్టీరాయిడ్ చుక్కలు, యాంటీబయాటిక్ చుక్కలు, వాపు నీటిని లాగే 5 శాతం ఉప్పు చుక్కలు రాసింది. స్టీరాయిడ్‌తో కంటి ఒత్తిడి పెరగొచ్చని, వెళ్ళినప్పుడల్లా కొలిచేది. ఆ చుక్కలు సొంతంగా కొని వాడొద్దని గట్టిగా చెప్పింది.

రాత్రంతా రెప్ప మూసి ఉంటే ఆ నీరు ఆరదు కాబట్టి పొద్దున లేవగానే మసక ఎక్కువ, మధ్యాహ్నానికి నయం. వంటింటి క్యాలెండరే నా పరీక్ష. మొదట ఎర్ర ఆదివారాలు కనబడ్డాయి, తర్వాత నల్ల అంకెలు. వాటి కింద సన్నగా అచ్చేసిన తిథి, నక్షత్రం చదవగలిగిన రోజు అత్తమ్మను పిలిచి మరీ చదివి వినిపించాను.

చెట్టు అత్తమ్మ నాటింది, కొట్టలేదు. ఆ పాలు పిల్లి గుండెకీ విషమే, అందుకని మా పిల్లి ఆకులు నమలకుండా చుట్టూ వల కట్టాం. రథసప్తమికి పిల్లల తలమీద పెట్టేదీ ఈ ఆకులే. ఇప్పుడవి నేనే, కళ్ళజోడు పెట్టుకుని కోసి, కడిగి ఇస్తున్నా.

కార్నియా వెనక నీరు తోడే ఆ కణాలు పోతే మళ్ళీ పుట్టవట. నాకు కొన్ని తగ్గినా చూపుకు సరిపడా ఉన్నాయంది డాక్టరమ్మ. ముందుముందు శుక్లం ఆపరేషన్ అవసరమైతే ఈ సంగతి ముందే చెప్పమంది. ఆ రిపోర్టు ఆధార్ కార్డు పక్కనే దాచాను.