ముచ్చికలు

మా అమ్మ గుంటూరులో మిర్చికి ముచ్చికలు, అంటే తొడిమలు, తీసే కూలికి వెళ్లేది. రాత్రి అన్నం కలుపుకుంటే వేళ్లు మండిపోయేవి. మజ్జిగ గిన్నెలో చెయ్యి ముంచుకుని కూర్చునేది. నా పన్నెండేళ్ల సినిమా పనంతా ఆ చేతి దగ్గరే మొదలైంది.

మొదటి డాక్యుమెంటరీలో ముఖాల్లేవు, మాటల్లేవు. 38 నిమిషాలూ చేతులే. తేజ రకం మిరపకాయకి ముచ్చిక తుంచేటప్పుడు టక్కుమని చిన్న చప్పుడొస్తుంది. దానికోసం మైకుని కాయల తట్టలోనే పెట్టాను.

తెర మీద బొమ్మ నడుస్తుంటే కింద చాప వేసుకుని నేనూ నిజం కాయలకి ముచ్చికలు తీస్తాను. ముందు వరసల్లో దగ్గు మొదలవుతుంది. ఒకచోట సగంలో ఆపించేశారు. "సినిమా వేస్తావనుకుంటే దగ్గిస్తావేంటమ్మా!" అన్నారు. ఆ రాత్రి ఏడ్చాను. కానీ తెర ఘాటుని మోయలేదు, మనిషే మోయాలి.

దీన్ని కొత్త ప్రయోగం అంటారు. కొత్తదేం కాదు. మన జిల్లా పొన్నెకల్లులో పుట్టిన నాజర్ గారికి 1986లో పద్మశ్రీ తెచ్చిన బుర్రకథని చూడండి. కథకుడు పాతకథ చెబుతుంటే పక్కనుంచి రాజకీయపు వంత ఇవాళ్టి సంగతి అందుకుంటాడు. జరిగిందీ జరుగుతున్నదీ ఒకే వేదిక మీద! నేను నేర్చుకున్నది అక్కడే.

మొన్నటి ప్రదర్శనకి అమ్మ వచ్చింది. కాసేపు తెర చూసి, లేచొచ్చి నా చాప మీద కూర్చుంది.

"గోరు తగలనివ్వకే, గింజ రాలిపోద్ది" అని నా చేతిలో కాయ తీసుకుంది.