ఉద్దానంలో కెమెరా తెరిచే ముందు

శ్రీకాకుళం జిల్లా ఉద్దానం ప్రాంతంలోని కిడ్నీ జబ్బు మీద డాక్యుమెంటరీ తీసేవాళ్లు ముందు ఒప్పుకోవాల్సింది ఒకటుంది: అసలు కారణం ఇంకా తేలలేదు. నీళ్లలో సిలికా, పురుగుమందులు, ఎండలో చాకిరీ, వంశపారంపర్యం, అన్నిటినీ పరిశోధకులు తరచి చూశారు. ఇదే అని దేన్నీ ఖాయం చేయలేకపోయారు. బోరు పంపు క్లోజప్ చూపించి, వెంటనే డయాలసిస్ మంచం చూపించారనుకోండి, నీళ్లే దోషి అని మీరు తీర్పు చెప్పేసినట్టే. వ్యాఖ్యానంలో ఒక్క తప్పుమాట లేకపోయినా ఎడిటింగ్ ఆ తప్పు చేసేస్తుంది.

డయాలసిస్ ఒక విడతకి దాదాపు నాలుగు గంటలు. ఆ మధ్యలో బీపీ పడిపోవచ్చు, కాళ్లు కొంకర్లు పోవచ్చు, అయ్యాక మనిషి డీలా పడిపోతాడు. అందుకే ఇంటర్వ్యూ డయాలసిస్ లేని రోజు, పొద్దున్నే, ఇంటి దగ్గర పెట్టుకోవాలి. వార్డులో దృశ్యాలు చాలు. అక్కడ ట్యూబ్‌లైట్ల వల్ల ఫుటేజీలో మినుకు రాకుండా సెకనుకి 25 ఫ్రేములు తీస్తుంటే షట్టర్ 1/50 సెకనుకి పెట్టండి. యంత్రం హోరుని విడిగా ఒక నిమిషం రికార్డు చేసుకుంటే ఎడిటింగ్‌లో అతుకులు కనపడవు. ట్రైపాడ్ కాలు రక్తం గొట్టాలకి దూరంగా ఉండాలి. ఫిస్టులా (డయాలసిస్ సూదులు గుచ్చడానికి ధమనిని సిరతో కలిపిన చోటు) ఉన్న చేతికి మైకు వైరు చుట్టకూడదు, పట్టీ బిగించకూడదు. పక్క మంచం మీదివాళ్లు ఫ్రేములోకి వస్తే వాళ్లనీ విడిగా అడగాల్సిందే.

కవిటి, సోంపేట వైపు ఏ ఇంటికెళ్లినా పెరట్లో కొబ్బరి చెట్లే. వచ్చినవాళ్లకి బొండాం కొట్టి ఇస్తారు. ఆ చెట్టు పెంచిన డయాలసిస్ రోగి మాత్రం అది తాగకూడదు: కొబ్బరినీళ్లలో పొటాషియం ఎక్కువ, పాడైన కిడ్నీ దాన్ని బయటికి పంపలేదు, గుండె లయ తప్పొచ్చు. మామూలు నీళ్లు కూడా వాళ్లకి కొలతే. ఎండలో ఆయన్ని పదిసార్లు నడిపించి టేకులు తీయకండి, ఆయనెదురుగా సీసాలు ఎత్తి గటగటా తాగకండి.

అనుమతి కాగితం మీద సంతకం ఒక్కటే సరిపోదు. ఇంట్లో పెళ్లికెదిగిన పిల్లలుంటే సంబంధాల భయం ఉంటుంది. ముఖం మసకబార్చినా గొంతు, గుమ్మం, పెరడు చూసి ఊళ్లోవాళ్లు ఇట్టే పోల్చుకుంటారు. ఎడిటింగ్ అయ్యాక ఇంటిల్లిపాదినీ కూర్చోబెట్టి ఆ భాగం చూపించండి. వద్దన్న షాటు ఎంత బాగా వచ్చినా తీసేయండి.