ఏడుకు ఒప్పింది ఎనిమిదికి ఒప్పలేదు

ర్యాంకు వచ్చింది. పోయినేడు ఐదంకెలు, ఈసారి నాలుగు. ఎంసెట్‌లో (ఈఏపీసెట్ అనాలి, ఇంకా నోరు తిరగట్లేదు) 160కి 80 మ్యాథ్స్‌వేనని మీకు తెలిసిందే. ఫిజిక్స్, కెమిస్ట్రీకి నేను చేసింది పాత పేపర్లు తిరగేయడమే. అసలు దెబ్బ తిన్నది ప్రాబబిలిటీ (సంభావ్యత) దగ్గర.

పోయినేడు గ్రాండ్ టెస్టులో ఒక లెక్క. ఎ, బి స్వతంత్ర ఘటనలు, సంభావ్యతలు 0.2, 0.5. ఎ యూనియన్ బి, అంటే రెండింట్లో కనీసం ఒకటి జరిగే సంభావ్యత, ఎంత? కూడేసి 0.7 పెట్టా. కీలో 0.6. సర్‌ని అడిగితే "ఫార్ములా బట్టీ పట్టు, చాలు" అన్నారు. పట్టా. పరీక్షలో మాటలు మారేసరికి మళ్లీ అదే తప్పు.

స్వతంత్రం అంటే దేని దారి దానిదే, రెండూ కలవవు అనుకునేవాణ్ణి. కలవనివి పరస్పర వివర్జిత ఘటనలు. ఒకటి జరిగితే రెండోది జరగనే జరగదు, ఇక స్వతంత్రం ఎక్కడిది? (రెండింటి సంభావ్యతా సున్నా కానప్పుడు.) స్వతంత్రమంటే ఒకటి జరిగినా రెండోదాని సంభావ్యత మారదని. అలాంటివి కలుస్తాయి, రెండు సంభావ్యతల్ని గుణిస్తే వచ్చినంత మేర, పై లెక్కలో 0.1. నేను తీసేయడం మరిచింది అదే.

లాంగ్ టర్మ్‌లో ఉండగా ఒక రాత్రి పాత క్యాలెండర్ వెనక రెండు పాచికలకు 36 గళ్లు గీశా. మొదటి పాచికపై సరిసంఖ్య: 18 గళ్లు. మొత్తం 7: ఆరు. రెండూ: మూడు. సగాన్ని ఆరోవంతుతో గుణిస్తే పన్నెండోవంతు, 36లో మూడూ అంతే. స్వతంత్రం! మొత్తం 8 చూస్తే ఐదు గళ్లు, సరిసంఖ్యతో కలిసినవి మూడు. స్వతంత్రమైతే ఐదులో సగం, రెండున్నర రావాలి. కాదు. మొదట ఏది పడ్డా 7కి ఒక దారి ఉంటుంది, 1 పడితే 8కి దారి లేదు, అందుకే అని తేల్చేశా.

ఏడాది వేస్టన్న బంధువులకు చెప్పేదొకటే, ఆ 36 గళ్లు నాకు రెగ్యులర్‌లో దొరకలేదు. రోజుకు పది లెక్కలు చేతో గీసి చేయండి, వీడియో చూస్తే రాదు. ఫోన్ అమ్మకిచ్చేయండి. నేనిచ్చా, ఆదివారాలు తప్ప.

ఆ గళ్లు గీసిన రాత్రి తెల్లారి, 7, 8ల సంగతి పక్క బెడ్ వాడికి గొప్పగా చెబితే "మరి 9?" అన్నాడు. మొదట 1 పడినా, 2 పడినా 9 రాదు కాబట్టి స్వతంత్రం కాదన్నా. వాడు గళ్లు లెక్కపెట్టాడు. 9కి నాలుగు, సరిసంఖ్యతో రెండు. సరిగ్గా సగం.