రోలు మీద కూర్చున్నాను

జపాన్‌లోని క్యోటోలో 206 నంబరు బస్సు ఎక్కినవాళ్లకు వేరే చెప్పక్కర్లేదు. వెనక తలుపున ఎక్కి ముందు తలుపున దిగాలి, మధ్యలో అంతా సూట్‌కేసులే. ఒక్కొక్కరికి 230 యెన్లు, స్టేషన్ నుంచి గోజోజకా దాకా నిలబడే ప్రయాణం. దిగగానే అందరూ కియోమిజు గుడి వైపు నడిచారు. మూడు రోజులుగా గుడులే చూస్తున్నాం. "మీరెళ్లి రండి, నావల్ల కాదు" అన్నాను మా ఆయనతో. పాపం, నా వెంటే వచ్చారు.

పక్క సందులో కవాయి కంజిరో ఇల్లు. కుండలు చేసినాయన, 1966లో పోయారు. టిక్కెట్టు 900 యెన్లు. "ఇద్దరికీ కలిపి వెయ్యి రూపాయలు, ఒక ఇల్లు చూడ్డానికి!" అని మా ఆయన గొణుగుడు. నాకూ అనిపించింది కానీ పైకి అనలేదు.

చెప్పులు విప్పి లోపలికెళ్లాక ఆ గొణుగుడు ఆగింది. నల్లబడ్డ దూలాలు, నున్నటి చెక్క నేల, నడిమింట్లో నేలలోనే పొయ్యి. 1934 తుపానుకు పాత ఇల్లు దెబ్బతింటే, 1937లో తనే గీసుకుని కట్టించుకున్న ఇల్లట. పుట్టింది వడ్రంగుల ఇంట్లో, ఆ చెయ్యి ఇంటినిండా కనిపిస్తుంది. మొద్దును రోలులా తొలిచి చేసిన కుర్చీ ఒకటుంది. కూర్చోవచ్చన్నారు. కూర్చున్నాను గానీ, "రోలు మీద కూర్చుంటావుటే!" అని అమ్మ ఎక్కడ అరుస్తుందోనని ఒళ్లు బిగుసుకుపోయింది. కాసేపయ్యాక లేవబుద్ధి కాలేదు.

ఆయన టోక్యోలో కుండల పని కాలేజీలో చదువుకున్న మనిషి. మొదట్లో పాత చైనా, కొరియా పాత్రల తీరులో చేసి గొప్ప పేరు తెచ్చుకున్నారు. తర్వాత, తనలాగే కుండలు చేసే పాత స్నేహితుడు హమదా ద్వారా, జానపద కళల గురించి రాసే యానగితో స్నేహం కుదిరాక, ఊళ్లలో పేరులేనివాళ్లు చేసే గిన్నెలూ చట్టుల మీదికి మనసు మళ్లింది. చేసినవాటి మీద పేరు వేయడం మానేశారు. 1955లో ప్రభుత్వం 'సజీవ జాతీయ నిధి' బిరుదు ఇస్తామంటే వద్దన్నారు. ఈ రోజుల్లో స్టీలు గ్లాసు కొన్నా పేరు చెక్కించుకునే మనకు ఇది కాస్త మింగుడుపడదు.

పెరట్లో బట్టీ. మా ఊరి ఆవం లాంటిదనుకున్నాను. కాదు, వాలు మీద మెట్లుగా ఎనిమిది గదులు. కింద కట్టెలు రాజేస్తే సెగ గది నుంచి గదికి పైకి పాకుతుంది. చుట్టుపక్కల కుండలవాళ్లు కూడా అందులోనే కాల్చుకునేవారట. తలవంచి నోట్లోకి తొంగిచూస్తే, లోపలి ఇటుకలు పాకం కారి గడ్డకట్టినట్టు మెరుస్తున్నాయి. ఎన్నిసార్లు కాల్చిన బూడిదో!

తిరిగొస్తూ ఆ వీధిలోనే ఒక కొట్లో టీ కప్పు చేతిలోకి తీసుకున్నాను. అడుగున చీటీ మీద 6,600 యెన్లు. అలవాటు చొప్పున, సంతలో అమ్మ కుండ కొనేముందు చేసినట్టే, వేలి కణుపుతో టంగుమని కొట్టాను. కొట్లో పెద్దావిడ ఉలిక్కిపడి రెండు చేతులూ చాచింది. మా ఆయన నాలుగుసార్లు వంగి సారీ చెప్పారు. కప్పు మాత్రం గట్టిదే, మోత బాగా వచ్చింది.