పెన్న పుట్టిన చోట పిల్లలు, కలిసే చోట అవ్వ

బెంగళూరులో పుట్టి పెరిగే తెలుగు పిల్లలను "మీదే ఊరు?" అని అడిగితే చప్పున జవాబు రాదు. బెంగళూరు అంటే ఇక్కడివాళ్లు "అది సరే, సొంతూరు?" అంటారు. నెల్లూరు అంటే అక్కడి చుట్టాలు "మీరు బెంగళూరోళ్లు కదమ్మా" అంటారు. మా పెద్దది ఎనిమిదో తరగతి, చిన్నోడు ఐదు. ఈ ప్రశ్న ఎదురైనప్పుడల్లా ఇద్దరూ నా మొహం చూసేవాళ్లు. వాళ్లకు నేను ఊరి పేరు కాకుండా ఒక నది పేరు చెప్పడం మొదలుపెట్టాను. అది పెన్న.

బెంగళూరుకు 60 కిలోమీటర్ల దూరంలో, నంది కొండల వరుసలోని చెన్నకేశవ కొండ మీద పెన్న పుడుతుంది. గౌరీబిదనూరు మీదుగా వచ్చి హిందూపురం దగ్గర ఆంధ్రలో అడుగుపెడుతుంది. తాడిపత్రి, జమ్మలమడుగు, సిద్ధవటం, సోమశిల దాటి, మా అమ్మ ఉండే నెల్లూరును ఒరుసుకుంటూ పోయి ఊటుకూరు దగ్గర సముద్రంలో కలుస్తుంది. మొత్తం 597 కిలోమీటర్లు. ఒక కొస పిల్లలు పుట్టిన వైపు, ఇంకో కొస నేను పుట్టిన వైపు. బడిలో ఉత్తర పినాకినిగా చదువుకున్న నదీ, అవ్వ స్నానం చేసి గుడికి వెళ్లే నదీ ఒకటేనని తెలిసిన రోజు పెద్దది మ్యాప్ మీద పెన్సిల్‌తో ఆ గీత పొడవునా దిద్దింది. మధ్యలో రాష్ట్ర సరిహద్దు గీత వస్తే దాని మీంచే దిద్దుకుంటూ పోయింది.

నంది కొండకు బెంగళూరువాళ్లు సూర్యోదయం చూడడానికి వెళ్తారు. తెల్లవారకముందే బైకులు, కార్లు బారులు తీరి ఉంటాయి. మేము ఆ పక్కనే ఉన్న చెన్నగిరి కొండ వైపు నడక దారి పట్టాం. వానాకాలం. పైన నది అంటూ ఏమీ కనబడదు. రాతి మీద నాచు, గడ్డి దుబ్బుల మొదళ్లలో చెమ్మ, అక్కడక్కడా వేలెడు లోతు నీటి జాలు. చిన్నోడు గొంతుక్కూర్చుని అందులో ఆకు వదిలాడు. అది రెండు రాళ్ల మధ్య తిరిగి తిరిగి ఒక పక్కకు జారిపోయింది. "అమ్మా, ఇది అవ్వ దగ్గరికే వెళ్తుందా?" అన్నాడు. ఆ జాలు ఎటు పోతుందో నాకూ తెలియదు, ఎందుకంటే ఈ కొండల చుట్టుపక్కలే చాలా నదులు పుడతాయి. అర్కావతి పడమటి వైపు దిగి చివరికి కావేరిలో కలుస్తుంది. దాని మీద కట్టిన హెసరఘట్ట చెరువు నుంచే 1890లలో బెంగళూరుకు మొదటిసారి గొట్టాల ద్వారా నీళ్లొచ్చాయి. చిత్రావతి, పాపాఘ్ని కూడా ఇటువైపే పుట్టి, వేరే వేరే దారుల్లో తిరిగి, కడప జిల్లాలో పెన్నను కలుసుకుంటాయి.

ఇక దక్షిణ పినాకిని సంగతి పిల్లలకు తప్పకుండా చెప్పాలనుకున్నాను. అదీ ఇక్కడే పుట్టి, హొసకోట పక్కనుంచి తమిళనాడులోకి పోయి కడలూరు దగ్గర సముద్రంలో కలుస్తుంది. బెళ్లందూరు, వర్తూరు చెరువుల మీద లేచే తెల్ల నురగను మా పిల్లలు స్కూల్ బస్సు కిటికీలోంచి చూశారు. ఆ చెరువులు పొంగి పారేది ఈ నదిలోకే. అక్కడి నుంచి హోసూరు దగ్గరున్న కెళవరపల్లి డ్యాముకు, దాని కింద పొలాలకు పోతుంది. మా ఇంట్లో వాషింగ్ మెషిన్ నీళ్లు ఎక్కడికి పోతాయో పెద్దదానికి ఇప్పుడు బాగా తెలుసు. నెల్లూరులో పెరిగిన నాకు పైనున్నవాళ్లు ఏం వదిలితే కిందున్నవాళ్లకు అదే వస్తుందని వేరే చెప్పక్కర్లేదు. పైన ఉండి బతికే పిల్లలకు మాత్రం చెప్పాలి.

నాకు అన్నిటికంటే ఇష్టమైన చోటు విదురాశ్వత్థం. హిందూపురం వెళ్లే రైలు దారిలో, గౌరీబిదనూరు దాటాక, నది ఒడ్డున ఉంటుంది. విదురుడు నాటిన రావిచెట్టు ఉండేదని పేరు. ఆ పెద్ద మాను 2001లో కూలిపోయింది. చుట్టూ నాగప్రతిష్ఠ రాళ్లు ఎన్నో వేలు. పసుపు, కుంకుమ అంటి, నూనె మరకలతో, ఒకదానికొకటి ఆనుకుని నిలబడి ఉంటాయి. 1938 ఏప్రిల్ 25న ఇక్కడ జెండా సత్యాగ్రహం కోసం జనం గుమిగూడితే పోలీసులు కాల్పులు జరిపారు. ఎంతోమంది చనిపోయారు. దక్షిణాది జలియన్‌వాలాబాగ్ అని అంటారు. అక్కడ స్మారకం ఉంది.

గుడి బయట కొబ్బరికాయలమ్మే పెద్దావిడ నాతో తెలుగులో బేరం మాట్లాడుతూనే, మా పెద్దదాన్ని కన్నడంలో ఏ క్లాసని అడిగింది. అది కన్నడంలోనే జవాబిచ్చి, నా వైపు తిరిగి తెలుగులో చిల్లర అడిగింది. ఆ మాటల్లో ఎక్కడా తడబాటు లేదు. ఇంట్లో "తెలుగులో మాట్లాడమ్మా" అని నేను ఎంత మొత్తుకున్నా రాని నిబ్బరం ఆ అంగడి ముందు వచ్చింది. ఆ పల్లెల్లో రెండు భాషలూ తెలిసినవాళ్లు ఎందరో. ఎవరూ వాళ్లను ఏదో ఒకటే ఎంచుకోమని అడగరు.

తిరుగు దారిలో తిక్కన గురించి చెప్పాను. ఈ ఒడ్డున విదురుడి చెట్టుంటే, ఇదే నది దిగువన నెల్లూరులో, 13వ శతాబ్దంలో, తిక్కన సోమయాజి విరాటపర్వం మొదలుకొని పదిహేను పర్వాల భారతం తెలుగులో రాశాడు. చిన్నోడికి అంతకంటే నాగుపాము బొమ్మలే నచ్చాయి. పెద్దది మాత్రం "అంటే తిక్కన మన అవ్వ వాళ్ల ఊరోడా?" అంది. అవును, ఆ ఊరోడే.

నదిలో నీళ్లు చూపించమంటే మాత్రం కష్టమే. గౌరీబిదనూరు, హిందూపురం వైపు ఏడాదిలో ఎక్కువ కాలం ఇసుకే, అదీ తవ్వేసిన గుంతలతో. వానలు మొదటి నుంచీ తక్కువ. దానికి తోడు బోర్లు లోతుకు పోయాయి, ఇసుక లారీలకెక్కింది, పై నీళ్లు చెరువుల్లోనే ఆగిపోతున్నాయి. ఈ నీళ్ల పంచాయతీ పాతదే. 1892లో మద్రాసు, మైసూరు చేసుకున్న ఒప్పందంలో పెన్న, చిత్రావతి, పాపాఘ్ని పేర్లూ ఉన్నాయి. ఎండిన నదిని చూసి పిల్లలు బాధపడతారని దాచడం నాకు ఇష్టం లేదు.

బాధ తీరే చోట్లు కూడా ఉన్నాయి. హిందూపురానికి దగ్గర్లో చిలమత్తూరు మండలం వీరాపురానికి ఏటా శీతాకాలం చివర ఎర్రకాళ్ల కొంగలు వస్తాయి. ఊళ్లోని చింతచెట్ల మీదే గూళ్లు కట్టి, పిల్లల్ని పెంచి, రెక్కలొచ్చాక వెళ్తాయి. ఇళ్ల మధ్యే రెట్టలు, అరుపులు. అయినా ఊరివాళ్లు వాటిని ఇంటి ఆడపడుచుల్లా చూసుకుంటారు, ఎవరినీ రాయి వెయ్యనివ్వరు. మా చిన్నోడు అక్కడ నోరెత్తకుండా కూర్చోవడం చూసి నాకే ఆశ్చర్యమేసింది.

గండికోటకు ఇప్పుడు బెంగళూరు నుంచి కుర్రాళ్లు శని, ఆదివారాలు గుంపులుగా పోతున్నారు. ఎర్రమల కొండలను కోసుకుంటూ పెన్న చేసిన ఆ లోయ అంచున కంచె ఉండదు, పిల్లల చెయ్యి వదలకండి. కింద పడవ ఎక్కితే లైఫ్ జాకెట్ అడిగి వేయించండి. పెమ్మసాని నాయకుల కోట, మాధవరాయ గుడి, జుమ్మా మసీదు చూడడానికి ఒక పూట సరిపోదు.

కానీ మా పిల్లల మనసు దోచింది కోట కాదు, కలివికోడి. పెన్న లోయలో, సిద్ధవటం వైపు ముళ్లపొదల్లో, రాత్రిపూట మాత్రమే తిరిగే పిట్ట. 1848లో జెర్డాన్ అనే ఇంగ్లీషాయన లోకానికి చెప్పాడు. 1900 తర్వాత ఎవరికీ కనబడలేదు. ఇక లేదనుకున్నారు. 1986లో కడప జిల్లా రెడ్డిపల్లి దగ్గర ఐతన్న అనే స్థానికుడు టార్చి వెలుగులో పట్టుకున్నాడు. శాస్త్రవేత్తలు వెతుకుతున్న పిట్ట ఆ ఊరి మనిషి చేతికి దొరికింది. దానికోసం లంకమల అభయారణ్యం ఏర్పడింది, తెలుగుగంగ కాలువ దారి కూడా మార్చారు. పెద్దది స్కూల్లో దీని మీద కన్నడంలో మాట్లాడింది. తెలుగు అడవిలో పిట్ట గురించి కన్నడ క్లాసులో చెప్పడం దానికేమీ వింతగా అనిపించలేదు.

2021 నవంబరులో యలహంకలో అపార్ట్‌మెంట్లు మునిగిన రోజుల్లోనే నెల్లూరు దగ్గర పెన్న పొంగి, రైలు పట్టాలు, హైవే తెగిపోయాయి. వీడియో కాల్‌లో మా అమ్మ రంగనాయకులపేట సంగతులు చెబుతుంటే, చిన్నోడు "అవ్వా, మేము పంపిన నీళ్లు వచ్చాయా?" అని అడిగాడు. అమ్మ భయంలో కూడా నవ్వింది. "కొంచెం తగ్గించి పంపండ్రా" అంది.

ఈసారి సంక్రాంతికి తిరుపతి మీదుగా కాకుండా హిందూపురం, కదిరి, కడప దారిన నెల్లూరు వెళ్దామని పెద్దది పట్టుబట్టింది. దూరం ఎక్కువే అయినా వాళ్ల నాన్న సరేనన్నారు. సిద్ధవటం కోట దగ్గర ఆపాలని నేను, కొంగలు వచ్చాయో లేదో చూశాకే ముందుకు పోవాలని చిన్నోడు. నెల్లూరు చేరేసరికి ఎంత రాత్రయినా చేపల పులుసు ఉంచుతానని మా అమ్మ అప్పుడే మాటిచ్చేసింది.